ఓణీ దగ్గరే ఆగిపోయిన చర్చ

సినిమాల్లో, సీరియళ్లలో ఆడవాళ్లని ఎలా చూపిస్తున్నారు అని ఎవరైనా మొదలుపెడితే చాలు, మా వైపు ఆ మాట రెండో నిమిషానికల్లా బట్టల మీదకి వెళ్లిపోతుంది. నరసాపురం రేవులో గోదారి దాటించే పంటు కోసం నిలబడ్డప్పుడైనా, పెళ్లి భోజనాల దగ్గరైనా అదే వరస. "ఇదివరకు సినిమాలు ఎంత పద్ధతిగా ఉండేవండీ" అంటారొకరు. "ఇప్పుడా బట్టలేంటి, ఆ గంతులేంటి" అంటారింకొకరు. పక్కనున్న కుర్రాడు "కాలం మారింది బాబాయ్" అంటాడు. పంటు వచ్చేస్తుంది. చర్చ అయిపోతుంది.

కంటికి ముందు ఆనేది బట్టే కాబట్టి ఎవర్నీ తప్పుపట్టలేం. కానీ ఒంటినిండా పట్టుచీర కట్టబెట్టి కూడా ఒక మనిషిని ఉత్సవ విగ్రహంలా నిలబెట్టొచ్చు. జీన్స్ వేసిన పాత్ర చేతికి కథ మొత్తం అప్పజెప్పొచ్చు. అందుకే నేను సినిమా చూసేటప్పుడు బట్టల సంగతి కాసేపు పక్కనపెట్టి రెండు ప్రశ్నలు వేసుకుంటాను. ఈ సీన్‌లో ఏం జరగాలో నిర్ణయిస్తున్నది ఎవరు? ఈ ఆడమనిషి చేతులు ఏం పని చేస్తున్నాయి? ఈ రెండూ అడగడం మొదలుపెట్టాక పాత సినిమాలు అనుకున్నంత పద్ధతిగానూ కనబడవు, కొత్తవన్నీ అనుకున్నంత చెడ్డగానూ కనబడవు.

గోదారి అమ్మాయి అనే బొమ్మ

గోదావరి జిల్లాల అమ్మాయి అనగానే తెలుగువాళ్ల బుర్రలో ఒక క్యాలెండర్ బొమ్మ తయారుగా ఉంటుంది. లంగా ఓణీ, వాలుజడ, కాళ్లకి పట్టీలు, వెనక కొబ్బరిచెట్లు, పక్కన పంటకాలువో లాంచీయో. ఈ బొమ్మని తయారుచేసింది సినిమాయే. కొవ్వూరు దగ్గర కుమారదేవంలో గోదారిగట్టు మీద ఒక నిద్రగన్నేరు చెట్టుండేది. దాని కింద ఎన్ని సినిమాలు తీశారంటే జనం దాన్ని సినిమా చెట్టు అనే పిలిచేవారు. 2024 ఆగస్టులో అది కూలిపోతే ఊరూవాడా బాధపడ్డాయి, పేపర్లు పెద్ద వార్తలు రాశాయి. నేనూ బాధపడ్డాను. కాకపోతే ఆ చెట్టు కింద నిలబడి పాడిన అమ్మాయిల పాత్రల పేర్లు ఓ నాలుగు చెప్పమంటే ఎంతమంది చెప్పగలరో! చెట్టు గుర్తుంది, అంతే.

భీమవరంలోనో అమలాపురంలోనో కాలేజీ వదిలే టైముకి రోడ్డు మీద నిలబడి చూడండి. స్కూటీలు, చుడీదార్లు, వీపున ల్యాప్‌టాప్ బ్యాగులు, మొహానికి చున్నీ చుట్టుకుని గోతులు తప్పించుకుంటూ పోయే పిల్లలు. లంగా ఓణీ ఇప్పుడు ఓణీల ఫంక్షన్‌కి, సంక్రాంతి ఫొటోలకి. తెరమీది గోదారి అమ్మాయి మాత్రం ఆ ఓణీ విప్పడానికి వీల్లేదు. ఆమె కథలో మనిషి కంటే ముందు లొకేషన్‌లో ఒక భాగం.

హీరోయిన్‌ని మొదటిసారి చూపించే సీను గుర్తుచేసుకోండి. ముందు పాదాలు, తర్వాత జడ, తర్వాత నడుము. మధ్యమధ్యలో నోరు తెరుచుకున్న హీరో. అందరికంటే ఆఖర్న ఆ అమ్మాయి మొహం. 1975లో లారా మల్వీ అనే బ్రిటిష్ విమర్శకురాలు ఈ వరస గురించే ఒక వ్యాసం రాసింది. హాలీవుడ్ సినిమాల గురించి రాసినా మన పాలకొల్లు హాల్లో కూర్చుని రాసిందా అనిపిస్తుంది. ఆవిడ చెప్పేది ఇదీ: సినిమాలో మూడు చూపులుంటాయి. కెమెరా చూపు, కథలో మగవాడి చూపు, హాల్లో కూర్చున్నవాళ్ల చూపు. ఈ మూడింటినీ ఒకే గాడిలో పెడతారు. అప్పుడు హాల్లో ఉన్నది మగవాడైనా ఆడదైనా, ఆ అమ్మాయిని హీరో కళ్లతోనే చూడాలి, ఇంకో దారి లేదు. ఆడవాళ్ల టికెట్ కౌంటర్ వేరుగా ఉన్న రోజుల్లో, ఆడవాళ్ల వైపు నేల మీద కూర్చుని సినిమాలు చూసిన మా పెద్దమ్మ కూడా పాట వచ్చేసరికి ఆ కళ్లే అరువు తెచ్చుకోవాల్సి వచ్చింది.

దీనికి నాకు బాగా ఇష్టమైన సినిమానే ఉదాహరణ చెప్తాను, లేకపోతే అన్యాయం. 1986లో వంశీ తీసిన లేడీస్ టైలర్. మా గోదారి మాట అంత రుచిగా వినిపించిన సినిమాలు తక్కువ. ఇప్పుడు టీవీలో వచ్చినా పని ఆపి చూస్తాను. కానీ కథేంటి? తొడమీద పుట్టుమచ్చ ఉన్న అమ్మాయి దొరికితే దశ తిరుగుతుందని నమ్మిన ఒక దర్జీ, ఊళ్లో ఆడవాళ్లందరిలో ఆ మచ్చ కోసం వెతకడం. ఒక్కొక్కరికీ పేరుంది, మాటకారితనం ఉంది, అయినా కథ లెక్కలో ప్రతి అమ్మాయీ మచ్చ ఉందా లేదా అని తేల్చాల్సిన ఒక అనుమానం. నవ్వొస్తుంది. నవ్వుతూనే లెక్క చూసుకోవచ్చు, రెంటికీ పేచీ లేదు.

మాట ఎవరిది?

ఇంకో తేలికైన పరీక్ష ఉంది. ఆలిసన్ బెక్డెల్ అనే అమెరికన్ కార్టూనిస్టు 1985లో తన బొమ్మల కథలో ఒక పాత్రతో చెప్పించింది. ఆ పాత్ర సినిమాకి వెళ్లాలంటే మూడు షరతులు. సినిమాలో కనీసం ఇద్దరు ఆడవాళ్లుండాలి. వాళ్లిద్దరూ ఒకరితో ఒకరు మాట్లాడుకోవాలి. ఆ మాట మగవాడి గురించి కానిదై ఉండాలి. ఎంత చిన్న కోరికో చూడండి. మన పెద్ద హీరో సినిమాలకి పెట్టి చూస్తే చాలావరకు మూడో మెట్టు దగ్గర బోల్తా పడతాయి. హీరోయిన్‌కి స్నేహితురాలు ఉంటుంది. "ఒసేయ్, వాడు నిన్నే చూస్తున్నాడే" అని చెప్పడానికి.

ఈ పరీక్షతో ఒక సినిమా మంచిదో చెడ్డదో తేలదు. సీరియళ్లయితే రోజూ పాసైపోతాయి, ఎందుకంటే అత్తా కోడలూ ఒక్క నిమిషం తాళాల గుత్తి గురించి మాట్లాడుకున్నా చాలు. వంద సినిమాలు కలిపి చూసినప్పుడే దీని ఉపయోగం. అలా కలిపి చూసిన అధ్యయనం ఒకటి 2014లో వచ్చింది. హాలీవుడ్ నటి గీనా డేవిస్ పెట్టిన సంస్థ, ఐక్యరాజ్యసమితి మహిళా విభాగం కలిసి 11 దేశాల జనాదరణ పొందిన సినిమాలు లెక్కపెట్టించాయి. పేరో మాటో ఉన్న పాత్రల్లో ఆడవాళ్లు 30.9 శాతం. భారతదేశపు సినిమాల్లో 24.9 శాతం. అంటే నలుగురు నోరు విప్పితే అందులో ఒకరు.

నలుగురిలో ఒకరే ఆడవాళ్లు ఉన్న చోటు మా ఊళ్లో నాకు కనబడదు. పొద్దున్నే బస్సులో అలా ఉండదు, రేషన్ క్యూలో ఉండదు, పుష్కరాల రేవులో ఉండదు. నాట్లప్పుడు చేలల్లో అయితే మగవాళ్లని వేళ్లమీద లెక్కపెట్టొచ్చు.

మాట్లాడే ఆ ఒక్కరూ ఎవరి గొంతుతో మాట్లాడతారన్నది ఇంకో ముడి. చాలామంది హీరోయిన్లకి తెలుగు రాదు, డబ్బింగ్ ఆర్టిస్టులు గొంతు ఇస్తారు. సరిత, రోజారమణి, సునీత, చిన్మయి గొంతులు లేకపోతే ఎన్ని పాత్రలు మూగబోయేవో. మొహం ముంబయిది, గొంతు చెన్నైదో హైదరాబాద్‌దో, ఓణీ గోదారిది. ఇందులో డబ్బింగ్ వాళ్ల తప్పేమీ లేదు, వాళ్ల ప్రతిభే ఆ పాత్రల్ని నిలబెట్టింది. నాకు వింతగా అనిపించేది వేరే. కథ రాజోలులో జరిగినా హీరోయిన్ నోట్లో పత్రికల భాషే ఉంటుంది. "ఆయ్", "ఏటండీ", "ఎల్లొత్తానండీ" అనేది ఎవరు? వంటమనిషి, పాలమ్మే ఆవిడ, నవ్వించే పిన్ని. మా యాస మాట్లాడే ఆడమనిషి ప్రేమించబడటానికి పనికిరాదు, నవ్వించడానికే పనికొస్తుంది అని ఎవరూ పైకి అనరు. తెర అదే చెప్తుంది.

గుండమ్మని ఎందుకు లొంగదీశారు?

నవ్వించే ఆడవాళ్ల మాట వచ్చింది కాబట్టి సూర్యకాంతం గారి దగ్గర కాసేపు ఆగాలి. ఆవిడ కాకినాడ ప్రాంతం మనిషి, 1924లో పుట్టారు. గయ్యాళి అత్తగా ఎంత నమ్మించారంటే ఆడపిల్లలకి సూర్యకాంతం అని పేరు పెట్టడానికి తెలుగువాళ్లు వెనకాడారు అని ఇప్పటికీ చెప్పుకుంటాం. మంచి పేరు, సూర్యుడి కాంతి. ఒక నటి దాన్ని జనాభాలోంచి దాదాపు తీసేసింది. తెరమీది బొమ్మ బయటి బతుకుల్ని మారుస్తుందా అని అడిగేవాళ్లకి నేను ముందు ఇదే చెప్తాను. మనిషిగా ఆవిడ దీనికి పూర్తిగా వేరట. సెట్‌కి ఇంటి నుంచి వండుకొచ్చి అందరికీ కొసరి కొసరి వడ్డించేవారని తోటి నటులు చెప్పిన మాట.

1962లో వచ్చిన గుండమ్మ కథలో గుండమ్మ ఎవరు? మగదిక్కు లేకుండా ఆస్తి చూసుకుంటున్న వితంతువు. ఆ ఇంట్లో లెక్కలు ఆవిడవి, తాళాలు ఆవిడవి, ఎవరిని రానివ్వాలో ఎవరిని పొమ్మనాలో ఆవిడ ఇష్టం. సవతి కూతురిని పనిమనిషిలా చూస్తుంది కాబట్టి మనకి కోపం వస్తుంది, రావాలి కూడా. కానీ నా మొదటి ప్రశ్న వేసి చూడండి. సినిమాలో స్వతంత్రంగా నిర్ణయం తీసుకునే ఆడమనిషి ఆవిడే. ఆవిడే గయ్యాళి. నోరెత్తకుండా చాకిరీ చేసే లక్ష్మి మంచిది. డబ్బు, అధికారం, పెద్ద గొంతు ఈ మూడూ ఒక ఆడమనిషిలో ఉంటే ఆవిడ చెడ్డదై ఉండాలి, ఇద్దరు అల్లుళ్లు వచ్చి దారిలో పెట్టాలి. గుండమ్మ మారుతుంది, మనం చప్పట్లు కొడతాం.

ఆ సినిమా గొప్పదని నేనూ ఒప్పుకుంటాను. నా ఇబ్బందల్లా ఆ మూస తర్వాత అరవై ఏళ్లు కదలకపోవడం. ఆఫీసులో పైస్థాయిలో ఉన్న ఆడమనిషి పొగరుబోతు, హీరో బుద్ధి చెప్పాలి. కాలేజీలో ఎదురు మాట్లాడిన అమ్మాయి తలపొగరుది, ఇంటర్వెల్‌లోపు తల వంచాలి. జమీందారు కూతురైనా ఎన్నారై అయినా వరస అంతే. బట్టలు మారాయి, గుండమ్మ మారలేదు.

ఇది మొదటి నుంచీ ఇలాగే ఉందా అంటే, లేదు. 1939లో కాకినాడ మనిషి సి. పుల్లయ్య తీసిన వరవిక్రయం చూడండి. కాళ్లకూరి నారాయణరావు నాటకం అది. కట్నం పోయలేక తండ్రి నలిగిపోవడం చూసి పెద్ద కూతురు కాళింది ప్రాణం తీసుకుంటుంది. ఆ వేషంతోనే భానుమతి సినిమాల్లోకి వచ్చారు. రెండో కూతురు కమల మాత్రం పెళ్లి చేసుకుని, డబ్బు పోసి కొన్నాం కదా, కొన్న వస్తువు మా ఇంట్లోనే ఉండాలి అని మొగుణ్ని నిలదీస్తుంది. ఎనభై అయిదేళ్ల కిందట! రాజమండ్రిలో వీరేశలింగం మొదటి వితంతు వివాహం జరిపించిన 1881 నుంచీ ఈ జిల్లాల్లో ఆడపిల్ల బతుకు అనేది వీధి అరుగుల మీద చర్చ. ఆ వేడి తొలి సినిమాల్లోకి పాకింది. తర్వాత ఎక్కడో చల్లారింది.

సీరియల్ ఎందుకు ఏడిపిస్తుంది?

మా అమ్మ రాత్రి సీరియళ్లు చూస్తూ లేసు అల్లుతుంది. కళ్లు టీవీ మీద, చేతిలో సూది, ఒళ్లో దారం ఉండ. ఆ వేళ్లకి చూపు అక్కర్లేదు. తెరమీద మాత్రం ఒక మండువా అంత హాల్లో, నగలు పెట్టుకున్న ఆరుగురు ఆడవాళ్లు ఏ పనీ లేకుండా నిలబడి ఒకరినొకరు చూసుకుంటూ ఉంటారు. ఉరుము శబ్దం. మళ్లీ ఒక్కొక్కరి మొహం మూడేసి సార్లు.

ఎందుకిలా అంటే రాసేవాళ్లకి బుర్ర లేక అనుకోవడం తేలిక. అసలు సంగతి మిల్లు లాంటి ఏర్పాటులో ఉంది. వారానికి ఆరు ఎపిసోడ్లు, ఒక్కోటి ఇరవై నిమిషాల పైచిలుకు. కొన్ని వేల ఇళ్లలో బార్క్ అనే సంస్థ పెట్టిన మీటర్ల నుంచి వారం వారం రేటింగు వస్తుంది. ఆ అంకె మీద యాడ్ల ధర. అంకె తగ్గితే ట్రాక్ మారుతుంది. ఒకే ఇంటి సెట్‌లో ఎక్కువ సీన్లు తీస్తే ఖర్చు తక్కువ, కాబట్టి ఉద్యోగం చేసే పాత్ర కూడా పొద్దస్తమానం హాల్లోనే ఉంటుంది. ముఖ్యమైనది ఏంటంటే కథ అయిపోకూడదు. అనుమానించిన మొగుణ్ని కూర్చోబెట్టి ఇల్లాలు ఒక్క మాట తేల్చి అడిగితే కథ ఆ వారమే అయిపోతుంది. ఆవిడ పోలీసు స్టేషన్‌కి వెళ్లినా అయిపోతుంది, పుట్టింటికెళ్లి ఉద్యోగం చూసుకున్నా అయిపోతుంది. అందుకని ఆవిడ నోరు విప్పకూడదు, గడప దాటకూడదు. ఆ ఓర్పుని మనం సుగుణం అని పిలుస్తాం. ఛానెల్‌కి అది నాలుగేళ్ల సరుకు. చెడ్డ ఆడదాని సంగతీ అంతే. రోజూ కొత్త కుట్ర పన్నాలంటే ఇంట్లోనే ఉండే, వేరే పని లేని మనిషి కావాలి.

2017 నుంచి 2023 దాకా నడిచిన కార్తీకదీపం ఈ మిల్లులోంచే వచ్చినా కొంచెం తేడాగా వచ్చింది. మలయాళం కథకి రీమేక్. దీప నల్లగా ఉంటుందని అత్త చీదరించుకుంటుంది, డాక్టర్ బాబు అనుమానిస్తాడు, ఆవిడ బయటికొచ్చి వంటలు చేసుకుని కూతుర్ని పెంచుతుంది. వంటలక్క అన్న పేరు మా వైపు ఇంటి పేరంతగా అయిపోయింది. మా అమ్మకి ఆ పాత్ర ఎందుకంత నచ్చిందో నాకు ఆలస్యంగా తెలిసింది. "ఆవిడ చెయ్యి ఆడుతుందే" అంది. చెయ్యి ఆడించి బతికే మనిషి టీవీలో కనబడటం ఆవిడకి కొత్త. నా రెండో ప్రశ్న అక్కడి నుంచి తెచ్చుకున్నదే. అయితే అదే సీరియల్ నలుపుని ఒక దురదృష్టంలాగే చూపించింది, చుట్టుపక్కల అందరూ తెల్లగా ఉన్న ఇంట్లో. సీరియల్ ఆగినప్పుడు వచ్చే యాడ్ల సంగతి సరేసరి. ఫెయిర్ అండ్ లవ్లీ 2020లో ఫెయిర్ తీసేసి గ్లో అని పెట్టుకోవడానికి నలభై ఏళ్లకి పైగా పట్టింది.

లేసు గురించి కొంచెం చెప్పాలి, విషయానికి దూరం కాదు. నరసాపురం లేసు మిషనరీల కాలం నుంచి ఉంది, విదేశాలకి వెళ్తుంది, 2024లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. 1970ల చివర్లో మరియా మీస్ అనే జర్మన్ సామాజికవేత్త ఇక్కడికొచ్చి ఈ పని చేసే ఆడవాళ్లని దగ్గరగా చూసి 1982లో పుస్తకం రాసింది. రోజుకి ఆరు నుంచి ఎనిమిది గంటలు అల్లుతున్న ఆడవాళ్లని వ్యాపారులూ ఇంటివాళ్లూ కూడా కార్మికులు అనలేదు. ఇంట్లో ఊరికే కూర్చోకుండా తీరిక వేళ చేసుకునే పని అన్నారు. పని అనకపోతే కూలి అడగడం ఉండదు. ఎగుమతి లెక్కల్లో లేసు కనబడింది, అల్లినవాళ్లు కనబడలేదు. సినిమా, సీరియల్ ఈ కనబడకపోవడాన్ని పుట్టించలేదు, అంతకుముందే ఉంది. కానీ నరసాపురంలో పుట్టిన బాపు, ధవళేశ్వరంలో పుట్టిన ముళ్లపూడి వెంకటరమణ, పాలకొల్లులో పుట్టిన దాసరి వంటి మహామహులు ఈ గడ్డ నుంచి సినిమాకి వెళ్లినా, లేసు అల్లుతూ బతికే హీరోయిన్ నాకు తెరమీద తగల్లేదు. ఆత్రేయపురంలో కాలుతున్న కుండ మీద పూతరేకు తీసే ఆడవాళ్లూ, పొట్టు వలిచే రొయ్యల షెడ్డు ఆడవాళ్లూ, కువైట్లో ఇంటిపని చేసి ఇక్కడ డాబా కట్టిన ఆడవాళ్లూ అంతే. గోదారి మీద పాటలు మాత్రం లెక్కలేనన్ని.

ఇక్కడ నా వాదనకి అడ్డొచ్చే విషయం ఒకటి ఒప్పుకోవాలి. రాబర్ట్ జెన్సెన్, ఎమిలీ ఆస్టర్ అనే ఇద్దరు ఆర్థికవేత్తలు 2001 నుంచి 2003 మధ్య అయిదు రాష్ట్రాల్లో సేకరించిన సమాచారంతో 2009లో ఒక పరిశోధన ప్రచురించారు. మన రాష్ట్రం అందులో లేదు. కేబుల్ టీవీ కొత్తగా వచ్చిన పల్లెల్లో, భార్యని కొట్టడం ఫర్వాలేదు అనే ఆడవాళ్లు తగ్గారు. కొడుకే పుట్టాలన్న పట్టుదల తగ్గింది. ఇంటి విషయాల్లో ఆడవాళ్ల మాట కొంచెం పెరిగింది. చూసిందేమో ఆ ఏడుపు సీరియళ్లే! తర్వాత ఈ లెక్కల్ని ప్రశ్నించినవాళ్లూ ఉన్నారు, కానీ మొత్తంగా కొట్టిపారేయడానికి లేదు. మొదటిసారి చదివినప్పుడు నాకు మింగుడుపడలేదు. తర్వాత మా ఇల్లే గుర్తొచ్చింది. సీరియల్లో కోడలు ఎంత ఏడ్చినా చదువుకున్నది, కారులో తిరుగుతుంది, ఒకరిద్దరు పిల్లలే, చేతిలో ఫోనుంది. కథ చెప్పే నీతి ఒకటి, వెనకాల కనబడే ఇల్లూ బతుకూ చెప్పేది ఇంకొకటి. చూసేవాళ్లు తమకి కావాల్సింది ఏరుకుంటారు. అయితే ఏరుకోవడానికి కొన్నయినా తెరమీద ఉండాలి.

వెంటపడటం, వయసు

ఆడపిల్లల విషయంలో మాత్రం నేను ఇంత ఉదారంగా ఉండలేను. కాలేజీకెళ్లే అమ్మాయి వెనక బండేసుకుని తిరగడం, వద్దంటే ఇంటి ముందు కూర్చోవడం, కాదంటే చెయ్యి కోసుకోవడం, ఆఖరికి ఆ అమ్మాయి నవ్వడం: ఈ వరసలో ఎన్ని ప్రేమకథలు చూశామో. ఇష్టం లేదని స్పష్టంగా చెప్పినా పదేపదే వెంటపడటం 2013 నుంచి నేరం. అప్పుడు అది శిక్షాస్మృతిలో 354డి, ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 78వ సెక్షన్. మొదటిసారికే మూడేళ్ల దాకా జైలు. చట్టం నేరం అన్నదానికి మనం పాట పెట్టుకున్నాం. మా చుట్టాలమ్మాయి ఒకతి ఇంటర్‌లో ఉండగా ఒకడు ఆర్నెల్లు లాకుల దగ్గర కాపు కాశాడు. పిల్ల టెన్షన్‌తో అన్నం మానేసింది. ఇంట్లో చెప్తే వచ్చిన మొదటి మాట, "నువ్వేమైనా నవ్వావా?" సినిమాలో అమ్మాయి ఆఖర్న నవ్వుతుంది కదా మరి, ముందే నవ్వి ఉంటుందని పెద్దల అనుమానం. ఆర్నెల్ల తర్వాత వాడు మానేశాడు, పిల్ల కాలేజీ మారింది.

వయసు సంగతి ఎవరూ మాట్లాడరు. 1976లో వచ్చిన అంతులేని కథలో ఇంటిల్లిపాదినీ తన జీతంతో మోసే సరితని తెలుగువాళ్లు మర్చిపోరు. పని చేసే ఆడమనిషి గురించి అంత గట్టిగా చెప్పిన సినిమాలు మనకి తక్కువ. ఆ సరితగా వేసిన రాజమండ్రి అమ్మాయి జయప్రద 1962 ఏప్రిల్లో పుట్టారు. సినిమా వచ్చేనాటికి ఆవిడకి పద్నాలుగు నిండలేదు. జీవితమంతా చూసి అలిసిపోయిన స్త్రీ మొహం కోసం మన సినిమా ఎనిమిదో తొమ్మిదో తరగతి వయసు పిల్లని వెతుక్కుంది, ఆవిడ అద్భుతంగా చేశారు కూడా. అదే సినిమా లోకంలో ముప్పై అయిదు దాటిన నటి వదినో అమ్మో అవుతుంది, అరవై దాటిన హీరో పక్కన పాతికేళ్ల అమ్మాయి ఆడుతుంది. తెరమీద ఆడదాని ఆయుష్షు ఓ పదిహేనేళ్లు, అందులో రెండు మూడేళ్లు అసలు బడిలో ఉండాల్సినవి.

చట్టమూ బట్టలే చూస్తుంది

1986లో స్త్రీల అసభ్య చిత్రణ నిషేధ చట్టం వచ్చింది. పేరులోనే ఉంది దాని చూపెక్కడో. శరీరాన్ని ఎలా చూపించారన్నదే అందులో ప్రధానం. సెన్సార్ బోర్డుకి 1991లో ఇచ్చిన మార్గదర్శకాల్లో స్త్రీలని కించపరిచే సీన్లు ఉండకూడదని ఉంది, కానీ ఆచరణలో కత్తెర పడేది సెంటీమీటర్ల లెక్కన. హీరో హీరోయిన్‌ని చెంపదెబ్బ కొట్టి దారిలో పెట్టే సీను దర్జాగా బయటపడుతుంది. ఇంకా తమాషా, కేబుల్ టీవీకి 1994లో చేసిన నిబంధనలు. స్త్రీలని నాయకత్వ స్థానాల్లో, మంచిగా చూపించే కార్యక్రమాలకి ప్రయత్నించమంటూనే, ఆ వాక్యంలోనే హుందాతనం, నైతికత, శీలనిర్మాణం అని కలిపేశారు. గుండమ్మ నాయకత్వం దాంట్లోకి రాదన్నమాట.

చట్టం చేయలేనిది డబ్బు పెట్టేవాళ్లు, కథ ఒప్పుకునేవాళ్లు చేయగలరు. ఆ కుర్చీల్లో ఆడవాళ్లు ఎప్పుడూ లేరని కాదు. కొవ్వూరు దగ్గర పంగిడిలో పుట్టిన సి. కృష్ణవేణి 1949లో మనదేశం సినిమా నిర్మించారు. ఎన్టీ రామారావు మొదట కనబడింది అందులోనే. ఆవిడ శోభనాచల స్టూడియో వ్యవహారాలు చూశారు, 2025 ఫిబ్రవరిలో నూరేళ్లు నిండాక పోయారు. పెద్దాపురం అమ్మాయి అంజలీదేవి సొంత సంస్థ నడిపారు. భానుమతి 1953లో చండీరాణిని మూడు భాషల్లో డైరెక్ట్ చేశారు. డైరెక్టరుగా విజయనిర్మల ఖాతాలో 44 సినిమాలున్నాయి. ఈ పేర్లు చెప్పినప్పుడల్లా ఒక్కో చోట ఒక్కరే ఉండటం మీరు గమనించే ఉంటారు. ఒకరి తర్వాత ఒకరు వచ్చే వరస కట్టలేదు. సెట్‌లో పరిస్థితి ఎలా ఉంటుందో మలయాళ సినిమా మీద కేరళ ప్రభుత్వం వేసిన జస్టిస్ హేమ కమిటీ 2019 చివర్లో నివేదిక ఇస్తే, అది బయటికి రావడానికి 2024 ఆగస్టు దాకా పట్టింది. వేధింపులతో పాటు అందులో ఉన్న ఒక మాట, చాలా చోట్ల ఆడవాళ్లకి మరుగుదొడ్డి, బట్టలు మార్చుకునే గది కూడా లేవని.

కొన్నేళ్ల కిందట మా ఊళ్లో ఒక పాట షూటింగ్ జరిగింది. నాట్ల కాలం. చేలో నిజంగా నాటుతున్న పదిహేను మంది ఆడవాళ్లని గట్టెక్కమన్నారు. ఆ రోజు కూలి ఇస్తామన్నారు, ఇచ్చారు కూడా, ఆ మాట చెప్పాలి. చేలోకి రంగురంగుల ఓణీల్లో డాన్సర్లు దిగారు. పాపం వాళ్లూ పొద్దున్నే లేచి ఎక్కడి నుంచో వచ్చినవాళ్లే, బురద చూసి భయపడుతున్నారు. కెమెరా ఎదురుగా ఉంది కాబట్టి మొహాలు కనబడాలి. అందుకని నవ్వుతూ, పాటకి తగ్గట్టు ఊగుతూ, నాటుకుంటూ ముందుకి నడవమన్నారు. నడిచారు. గట్టు మీద కూర్చున్నవాళ్లు ముందు కొంగు అడ్డుపెట్టుకున్నారు, తర్వాత ఆపుకోలేక పకపకా నవ్వేశారు. మేనేజరుకి అర్థం కాలేదు. ఏంటమ్మా అని అడిగాడు.

"నాట్లు ఎనక్కి నడుత్తా ఏత్తారండి బాబూ" అంది అందులో పెద్దావిడ. "ముందుకెల్తే నాటిందంతా మనమే తొక్కేత్తాం గదా."

సాయంత్రం షూటింగ్ వాళ్లు వెళ్లాక వీళ్లు మళ్లీ దిగి ఆ మడి మొదటి నుంచి నాటారు. పాట టీవీలో వచ్చినప్పుడు అందరం చూశాం. ముందుకే నడుస్తున్నారు.